వంటయింటి మాట: పండ్లరసముతో పంచదార పూత



గడచిన మాఘమాసములో మా చెల్లెలి మనుమరాలి పుట్టినరోజు జరిగెను. అంగడినుండి తెప్పించిన కేకు రెండంతస్తులది. దానిపై తెల్లని నున్నని పూత, పూతమీద ఎఱ్ఱని గులాబీ పువ్వులు. దీపము ఊది ఆర్పుట మన ఆచారము కాదని కొందరు, పిల్లల ముచ్చటకు అడ్డు చెప్పరాదని కొందరు వాదించుకొనుచుండిరి. ఆ సందడిలో మా పిన్నమ్మగారు తనకిచ్చిన పళ్లెమును మెల్లగా బల్లమీద పెట్టి, “నాకు వద్దమ్మా, పండ్లు బాగులేవు” అనెను. ఆమెకు ఎనుబది నాలుగేండ్లు. పండ్లు బాగులేని మాట నిజమే గాని, మెత్తని కేకు తినుటకు పండ్లతో పనియేమి? ఆమె పూజారి యింటి బిడ్డ. పుట్టిననాటినుండి గ్రుడ్డు ముట్టినది కాదు. నలుగురిలో ఆ మాట ఎత్తి మమ్ము చిన్నబుచ్చుట ఇష్టములేక అట్లు చెప్పెను.

మరునాడు నేను కేకు పెట్టెమీది చీటీ చదివితిని. కేకులో గ్రుడ్లు ఉన్నవి. అది తెలిసినదే. పూతలో జెలటిన్ ఉన్నది. పువ్వుల ఎఱుపునకు ఇ 120 అని వ్రాసియున్నది. జెలటిన్ అనగా పశువుల చర్మమును ఎముకలను ఉడికించి తీసెడి పదార్థము. ఇ 120 అనగా కొచినీల్ అనెడి చిన్న పురుగులనుండి తీసిన రంగు. అంగడివానిని తప్పుపట్టుటకు లేదు. అతడు అచ్చువేసియే ఉంచెను. చదువనిది మేము.

1860 నవంబరు 16వ తేదీన ట్రూరో అను ఓడ చెన్నపట్టణమునుండి డర్బను రేవు చేరినది మొదలు 1911 వరకు మన పెద్దలు ఒప్పందపు కూలీలుగా ఈ నేటాలు తీరమునకు వచ్చుచునేయుండిరి. అందులో పెక్కుమంది చేతికి మొదట ఇచ్చినది చెరకు నరికెడి కత్తి. ఆ తోటల పంచదార వారి మునిమనుమల కేకుమీద పువ్వై పూయుట సంతోషించదగినదే. ఆ పువ్వును ఇంటి పెద్దముత్తైదువ నోట పెట్టుకొనలేకపోవుట మాత్రము నాకు మిక్కిలి కష్టముగా తోచెను. కావున ఈ మాసము ఐసింగు అనెడి పంచదార పూతను గ్రుడ్డు, జెలటిన్, అంగడి రంగు లేక ఇంటిలో చేయు విధము వ్రాయుచున్నాను. పంచదార, వెన్న, పండు ఉన్న చాలును.

మన యిండ్లలో సులభముగా దొరకునది గ్రెనడిల్లా పండు. పండ్లు ఏరునపుడు నున్ననివాటిని చూచి మోసపోరాదు. తోలు ముడతలు పడి, చేతిలో బరువుగా నున్నదే పక్వమైన పండు. రెండు పండ్లను కోసి గుజ్జును చిన్నగిన్నెలో వేసి, పొయ్యిమీద గోరువెచ్చగా కాచినచో గింజల చుట్టునున్న తిత్తులు వదలి రసము విడివడును. మరిగింపరాదు. మరిగినచో ఆ సువాసన ఆవిరిలో పోవును. సగము గింజలను వడకట్టి తీసివేసి, సగము ఉంచవలెను. నల్లని గింజలు పసుపుపచ్చని పూతలో కంటికి ఇంపుగా ఉండును.

తరువాత రెండు కప్పుల ఐసింగు పంచదారను, అనగా ఇంచుమించు 250 గ్రాములు, జల్లెడ పట్టవలెను. ఈ పని మానరాదు. ఒక్క ఉండ మిగిలినను పూతలో మొటిమవలె కనబడును. అందులో ఒక పెద్దచెంచాడు మెత్తబడిన వెన్న, చిటికెడు ఉప్పు వేసి, చల్లారిన పండ్లరసమును చిన్నచెంచాతో కొంచెము కొంచెముగా పోయుచు కలుపవలెను. మొత్తము రెండు పెద్దచెంచాల రసము పట్టును. ఒక్కొక్కప్పుడు అంతకూడ అక్కరలేదు. ఇచ్చటనే పెక్కుమంది తొందరపడుదురు. మెత్తని పంచదార నీటిలో ఇట్టే కరగును గనుక, గట్టి ముద్దగా నున్నది ఇంకొక చెంచాడు రసముతోనే పల్చని పానకమగును. చెంచా ఎత్తి జారవిడిచినపుడు, జారిన ధార గిన్నెలోని పూతమీద గీతవలె నిలిచి, పది లెక్కించులోపల అందులో కలిసిపోయినచో సరియైన పాకము. పల్చబడినచో పంచదార చేర్చవచ్చును, చింతించనక్కరలేదు.

కేకు పూర్తిగా చల్లారిన పిమ్మటనే పూత పోయవలెను. ఇది నేను అనుభవముచేత చెప్పుచున్నాను. మొదటిసారి చుట్టములు వచ్చువేళయైనదని వేడి కేకుమీదనే పోసితిని. వెన్న కరిగి, పూత అంతయు ప్రక్కలనుండి జారి పళ్లెములో మడుగు కట్టెను. పిల్లలు ఆ మడుగును చెంచాలతో తినిరి. కేకు మాత్రము బోడిగా మిగిలెను. మన తీరమున వేసవిలో గాలియందు తేమ హెచ్చు. డిసెంబరు, జనవరి మాసములలో పూత ఎంతసేపటికిని ఆరక చేతికి అంటుకొనును. ఆ దినములలో తెల్లవారుజామున చేసి పెట్టుకొనుట మేలు.

ఐసింగు పంచదార ఇంటిలో లేనిచో, మామూలు తెల్లపంచదార ఒక కప్పునకు ఒక పెద్దచెంచాడు మొక్కజొన్న గంజిపిండి, అనగా మైజీనా, చేర్చి మిక్సీలో మెత్తగా విసరి, పలుచని బట్టలో జల్లించవచ్చును. గంజిపిండి వేయుట ఉండ కట్టకుండుటకు. అంగడిలో కొనెడిదానిలోను సాధారణముగా ఇట్టిదే ఏదో ఒకటి కలిపియుండును. అయితే ఇంటిలో విసరినది నాలుకకు కొంచెము గరగరలాడును.

చలికాలమున గ్రెనడిల్లాలు అరుదైనపుడు నార్చీ పండ్లు కలవు గదా. నార్చీ అను పేరు ఈ దేశపు ఆఫ్రికాన్సు భాషలోనికి తమిళుల నారత్తై అను మాటనుండి వచ్చెనని నిఘంటువులు చెప్పుచున్నవి. మన నారదబ్బ, నారింజ అను మాటలు కూడ చెవికి దానికి దగ్గరివే. డచ్చివారి పండని మనము దూరము పెట్టుకొన్నది తీరా చూడగా మన చుట్టమే! ఈ పండుయొక్క వాసన రసములో కంటె తోలులో హెచ్చు. పండును కడిగి తుడిచి, పైనున్న నారింజరంగు పొరను మాత్రమే తురుమవలెను. క్రిందనున్న తెల్లపొర చేదు. ఆ తురుమును పంచదారలో వేసి వ్రేళ్లతో నలిపినచో తోలులోని నూనె పంచదారకు పట్టును. పిమ్మట రసము పైవిధముననే కలుపవలెను. చలికాలపు పొడిగాలికి ఈ పూత గంటలో ఆరి, మీద సన్నని పెళుసు పొర కట్టును.

మామిడిగుజ్జులో నీరు హెచ్చు గనుక దానిని సన్నని సెగమీద సగమగువరకు ఇగిర్చి, చల్లార్చిన పిమ్మటనే వాడవలెను. 125 గ్రాముల వెన్నను తెల్లబడునట్లు గిలకొట్టి, 250 గ్రాముల ఐసింగు పంచదార, మూడు పెద్దచెంచాల ఇగిర్చిన గుజ్జు చేర్చినచో మందమైన పూత వచ్చును. ఒకవేళ వెన్న విరిగి పలుకులుగా కనబడినచో పారవేయకుడు. గిన్నెను గోరువెచ్చని నీటిలో నిలిపి మరల గిలకొట్టినచో కలిసిపోవును. అనాసరసమును మాత్రము ఒకసారి మరిగించి చల్లార్చియే వాడవలెను. పచ్చి అనాసకు పాలపదార్థములను చేదెక్కించు గుణము కలదు. వెన్న హెచ్చుగా గల పూతలు పూసిన కేకును ఫ్రిజ్జులో ఉంచి రెండు మూడు దినములలో ముగించవలెను.

కేకునకు గ్రుడ్లు లేక పొంగు వచ్చునా అని అడిగెదరు. మాస్ అను పేర అమ్మెడి పుల్లపాలు ఒక కప్పు తీసికొని, అందులో అర చిన్నచెంచాడు వంటసోడా కలిపి పిండిలో పోసినచో చక్కగా వచ్చును. దాని కొలతలు వేరొక సంచికలో వ్రాసెదను.

ఉగాదినాడు మా యింట ఈ గ్రెనడిల్లా పూత పోసిన కేకునే చేసితిని. పచ్చడి పంచిన పిమ్మట మొదటి ముక్కను పిన్నమ్మగారికి ఇచ్చితిని. ఆమె దానిని ఎత్తి వాసన చూచి, నావంక చూచెను. “గ్రుడ్డు లేదు పిన్నమ్మా, జెలటిన్ లేదు, పంచదారయు పండును వెన్నయు మాత్రమే” అంటిని. ఆమె ఏమియు అనక తినెను. కొంతసేపటికి, “గింజలు ఇంత తక్కువగా ఉన్నవేమి?” అని అడిగెను. “మీ పండ్లకు కష్టమని సగము వడకట్టితిని” అంటిని.

“నా పండ్లకేమి?” అనుచు పళ్లెము మరల చాచెను.