సీసవిషము – తుది అక్షరము
2015 అక్టోబరు 1వ తేదీననే అమెరికా వైద్యశాలలలో ఐసీడీ-10 అను రోగనిర్ణయ సంకేతముల నూతన పట్టిక అమలులోనికి వచ్చుటయు, ఆ దినముననే మిషిగన్ రాష్ట్రమందలి ఫ్లింట్ పట్టణపు నీటిలో సీసమున్నదని అచ్చటి కౌంటీ అధికారులు ప్రజారోగ్య అత్యవసర పరిస్థితిని ప్రకటించుటయు యాదృచ్ఛికమే గాని, ఆ రెండింటిని విడదీసి తలపోయుట నాకు సాధ్యము కాకున్నది. ఆ పట్టికలో సీసవిషమునకు టి 56.0 అను సంకేతము కలదు. దాని తుదనుంచు అక్షరము ‘ఏ’ యైనచో చికిత్స సాగుచున్నదనియు, ‘డి’ యైనచో రోగి కోలుకొనుచు మరల పరీక్షకు వచ్చెననియు, ‘ఎస్’ యైనచో విషప్రభావము వలన కలిగిన వైకల్యము శేషించెననియు అర్థము. నెత్తుటిలోని సీసము రమారమి నెల దినములలో సగమునకు తగ్గును. ఎముకలలో చేరినదో, దశాబ్దములు నిలిచి, సీసము సోకిన బాలిక పెరిగి గర్భవతియైన కాలమున సైతము మరల నెత్తుటిలోనికి దిగగలదు. కావున రక్తపరీక్ష తేటపడినంతనే బిడ్డ వైద్యపత్రమునుండి సీసము పేరు తొలగించి, కొన్ని యేండ్లకు చదువులో వెనుకబడినప్పుడు అభ్యాసలోపమని మాత్రమే వ్రాసి ఊరకుండుట కారణమును చెరిపివేయుటయే. ఈ సంకేతము వ్రాయుటను గుమాస్తా పనియని తేలికగా చూచుట నాకు సమ్మతము కాదు. లోపమును ముందు వ్రాసి, దాని వెంట ‘ఎస్’తో ముగియు సీససంకేతమును చేర్చవలయునని ఆ పట్టిక నియమములే చెప్పుచున్నవి, ఆ రెండవ పంక్తి వ్రాయుటకు వైద్యుడు తల్లిని నీటిని గూర్చియు, ఇంటి పాత రంగులను గూర్చియు ఓపికతో ప్రశ్నింపవలసియుండును.