బూటులో పాదం జారుతోందా?

సెలవునాటి ఉదయం ఫజ్ర్ నమాజు ముగించుకుని ఖాజాగూడ గుట్ట వైపు నడిచివెళ్ళే కుటుంబాలను మేము తరచుగా చూస్తుంటాము. దానికే ఫక్రుద్దీన్ గుట్ట అన్న పేరు కూడా ఉన్నది. హైటెక్ సిటీ అద్దాల మేడలకు చేరువలోనే ఉన్న ఆ పురాతన గ్రానైటు బండల మీద ఎక్కడం ఉల్లాసంగానే సాగుతుంది. బాధంతా దిగేటప్పుడే. బూటు రాయిని పట్టుకుని నిలిచినా, లోపలి పాదం శరీరభారంతో ముందుకు జారుతుంది. వేళ్ళు బూటు మొనకు తగిలి గోళ్ళు నల్లబడతాయి. మడమ ఒరుసుకుని బొబ్బలెక్కుతుంది.

బూటు పెద్దదైందని భావించి చిన్న సైజు కొనేవారున్నారు. దానివల్ల వేళ్ళు మరింత నలుగుతాయి. పొడవైన వేలికి ముందు బొటనవేలి వెడల్పంత ఖాళీ ఉండవలసిందే. మన ఇళ్ళలో అసలు కారణం తరచుగా వేరొకటని మా అభిప్రాయం. మస్జిదు గుమ్మం వద్ద, ఆఫీసు నమాజు గది వద్ద రోజుకు ఎన్నోమార్లు బూట్లు విప్పి తొడిగే మనం, లేసులను ఒకసారి వదులుగా ముడివేసి నెలల తరబడి విప్పము. చెప్పులో దూర్చినట్లు కాలు దూర్చి సాగిపోతాము. ఆఫీసు తివాచీ మీద అది సౌకర్యమే. గుట్ట మీద మాత్రం ఆ వదులు ముడే పాదాన్ని జారవిడుస్తుంది.

నడకకు ముందు ఆ ముడి పూర్తిగా విప్పండి. మడమను నేలకు తట్టి వెనక్కి చేర్చి, కింది రంధ్రాల నుండి లేసులు బిగించుకుంటూ రండి. చీలమండ వద్ద చాలా బూట్లకు ఒక అదనపు రంధ్రం ఉంటుంది. అది అలంకారానికి కాదు. లేసు కొసను అదే వైపున్న ఆ రంధ్రంలోకి దూర్చి, చిన్న ఉచ్చు మిగల్చండి. రెండవ వైపూ అలాగే చేసి, కుడి కొసను ఎడమ ఉచ్చులో నుండి, ఎడమ కొసను కుడి ఉచ్చులో నుండి తీసి, లాగి ముడివేయండి. మడమ పైకి లేవదు. వేళ్ళు తిమ్మిరెక్కితే బిగువు ఎక్కువైందని గ్రహించండి. లేసులే లేని బూట్లకు ఈ ఉపాయం పనిచేయదు. మన సోదరీమణులు ఇష్టపడే తేలికపాటి జోళ్ళు గుట్టకు తగవు.

రెండవది తడి. వుజూ తరువాత పాదాలు ఆరకముందే మేజోళ్ళు తొడిగితే చర్మం మెత్తబడి త్వరగా బొబ్బలెక్కుతుంది; నూలు మేజోడు ఆ తేమను వదలదు. వేళ్ళ సందులు శ్రద్ధగా కడిగే మనం అంతే శ్రద్ధగా తుడవాలి కదా! సంచిలో ఒక చిన్న తువ్వాలు, మరొక జత మేజోళ్ళు ఉంచుకుంటే చాలు.

మధుమేహం ఉన్న పెద్దల విషయంలో ఇది చిన్న సంగతి కాదు. స్పర్శ తగ్గిన పాదానికి బొబ్బ నొప్పి తెలియదు, అది పుండై ముదిరిపోవచ్చు. నడక నుండి రాగానే వారి పాదాలను వెలుతురులో చూడండి. వారు వంగి అరికాలు చూసుకోలేకపోతే పిల్లలు చూడాలి. చర్మం చిట్లినట్లు కనిపిస్తే ఆనాడే వైద్యుని వద్దకు తీసుకువెళ్ళండి.