కావలి ప్రాంత స్వాతంత్ర్య సమరయోధుల కుటుంబ పింఛన్లపై వినతిపత్రం

శ్రీ పొట్టి శ్రీరాములు నెల్లూరు జిల్లా కలెక్టరు గారికి,
కావలి ఆర్డీఓ గారి ద్వారా.

విషయం: సమరయోధుల భార్యలకు, ఆసరా లేని కుమార్తెలకు కుటుంబ పింఛను; పాత జైలు రికార్డులు తెప్పించడం గురించి.

ఆర్యా,

కావలి పట్టణంలోను, చుట్టుపక్కల పల్లెల్లోను ఉంటున్న సమరయోధుల బిడ్డలం, మనవలం, మనవరాళ్లం కలిసి ఈ వినతిపత్రం ఇచ్చుకుంటున్నాము. మనవల తరానికి పింఛను ఇమ్మని మేము అడగడం లేదు. కేంద్రం ఇచ్చే సమరయోధుల పింఛను పథకంలో అది లేదు, మాకు ఆ ఆశా లేదు. మా ఇళ్లలో ఇంకా బతికున్న అవ్వల కోసం, మేనత్తల కోసం, పెద్దమ్మల కోసం వచ్చాము.

1921 ఏప్రిల్ 7న గాంధీజీ పల్లెపాడులో ఆశ్రమం ప్రారంభించిన నాటి నుంచి క్విట్ ఇండియా దాకా ఈ జిల్లావాళ్లు జైళ్లకు పోతూనే వచ్చారు. అప్పట్లో మనం మద్రాసు రాజధానిలో ఉన్నాము. శిక్ష పడినవాళ్లను రాజమండ్రికి, రాయవెల్లూరుకు, కన్ననూరుకు, బళ్లారి అలీపురానికి పంపేవారు. రాష్ట్రాలు విడిపోయాక రాయవెల్లూరు తమిళనాడులో, బళ్లారి కర్ణాటకలో, కన్ననూరు కేరళలో ఉండిపోయాయి. మావాళ్ల రికార్డులూ అక్కడే ఉండిపోయాయి. ఈరోజు కావలిలో ఒక ముసలావిడను జైలు సర్టిఫికెట్ పట్టుకురమ్మంటే ఎన్ని రాష్ట్రాలు తిరగాలి?

జైలు రికార్డు దొరకకపోతే తోటి ఖైదీ ఇచ్చిన ధ్రువపత్రం చెల్లుతుంది. అయితే రికార్డులు లేవని ముందు రాష్ట్ర ప్రభుత్వం రాసివ్వాలి. అర్జీలు ఏళ్ల తరబడి ఆగిపోయేది ఆ కాగితం దగ్గరే. 1942లో ఇరవై ఏళ్ల కుర్రాడికి ఇప్పుడు నూరు దాటాయి. సాక్ష్యం చెప్పే తోటి ఖైదీని ఎక్కడినుంచి తేగలం? ఆలస్యమైందన్న కారణంతో ఈ పింఛను కాదనరాదని సుప్రీంకోర్టు 1993లోనే చెప్పింది. క్రిమినల్ కేసులో అడిగేంత రుజువు ఈ అర్జీలకు అడగకూడదని 2001లో గురుదయాళ్ సింగ్ కేసులో చెప్పింది. కింది ఆఫీసుల్లో ఆ మాట వినిపించడం లేదు.

మాలో ఒకరి దగ్గర తాత విడుదల కాగితం ఉంది. మడతల దగ్గర చిరిగితే గంజి పూసి అట్టకు అతికించి దాచుకున్నారు. అందులో ఖైదీ పేరు, తండ్రి పేరు, ఊరు ఉన్నాయి, ఇంటిపేరు లేదు. అవ్వ ఆధార్‌లో భర్త పేరుకు ముందు ఇంటిపేరు ఉంది. ఇద్దరూ ఒక్కరేనని రుజువు చేయమని అర్జీ తిప్పి పంపారు. పరాయి భాష జైలు గుమాస్తా ఆనాడు తనకు వినబడినట్టు రాసుకున్నదానికి ఈనాడు అవ్వను శిక్షించడం న్యాయమేనా?

ఇక కూతుళ్ల సంగతి. పెళ్లికాని, ఉద్యోగం లేని కుమార్తెకే ఈ పథకం వర్తిస్తుంది. భర్త పోయి పుట్టింటికి చేరిన ఆడబిడ్డకు లేదు, విడాకులు తీసుకున్న బిడ్డకూ లేదు. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగుల కుటుంబ పింఛనులో మాత్రం ఇద్దరికీ చోటుంది. ఉద్యోగం చేసిన తండ్రి కూతురికి దక్కేది, దేశం కోసం జైలుకు పోయిన తండ్రి కూతురికి ఎందుకు దక్కదు? విడాకులైన కుమార్తెకు ఈ పింఛను ఇవ్వాలని పంజాబ్, హర్యానా హైకోర్టు 2016లో తీర్పు ఇస్తే, 2019లో సుప్రీంకోర్టు అందులో జోక్యం చేసుకోలేదు.

కాబట్టి మా కోరికలు ఇవి. చెన్నై, బెంగళూరు, తిరువనంతపురం ప్రభుత్వాలకు జిల్లా యంత్రాంగమే రాసి రికార్డులు తెప్పించాలి. దొరకనివాటికి, లేవన్న ధ్రువపత్రం గడువు పెట్టి ఇప్పించాలి. పేర్లలో తేడా ఉంటే తహసీల్దారు ఊళ్లో విచారించి ఇచ్చే నివేదికను అంగీకరించాలి. వితంతు, విడాకుల కుమార్తెలను పథకంలో చేర్చమని రాష్ట్రం తరఫున కేంద్ర హోం శాఖకు సిఫారసు వెళ్లాలి. స్త్రీలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆరు నెలలు కాక మూడు నెలల జైలు చాలన్న నిబంధన చాలా కుటుంబాలకు తెలియదు. దాన్ని సచివాలయాల్లో తెలుగులో అంటించాలి. మంచం దిగలేని అవ్వల దగ్గరకు, బతికున్నట్టు పత్రం తీసుకోవడానికి, బ్యాంకు సిబ్బందే రావాలి.

మా పాత అర్జీలు ఏవి ఎక్కడ ఆగాయో ఒక్కొక్కదానికీ రాతపూర్వకంగా సమాధానం ఇప్పించవలసిందిగా కోరుతున్నాము.

ఇట్లు,
కావలి ప్రాంత స్వాతంత్ర్య సమరయోధుల కుటుంబీకులు