'చూద్దాంలే' అంటే ఏటి మేడమ్?

పరవాడ నుంచి – 9



పోయిన భాగంలో హాస్టల్ మెస్ గురించి రాశాను. ఈసారి అదే హాస్టల్లో రాత్రి దుప్పటి కింద వెలిగే ఫోన్ గురించి రాస్తున్నాను. "ఉద్యమంలో ఉన్నవాళ్లు ఇలాంటివి కూడా రాస్తారా?" అని కొందరు అడుగుతారు. చివరిదాకా చదివి అప్పుడు అడగండి.

ఆ రోజు డిగ్రీ పిల్లలకి ధ్వని సిద్ధాంతం చెబుతున్నాను. అలంకారశాస్త్రంలో ఒక పాత ఉదాహరణ ఉంది: "సూర్యుడు అస్తమించాడు." మాట ఒకటే. పశువులు కాసేవాడికి మందను ఇంటికి తోలమని అర్థం. వర్తకుడికి సరుకు సర్దేయమని అర్థం. ప్రియుడి కోసం ఎదురుచూసే ఆమెకి వేళయిందని అర్థం. చెప్పేది ఎవరు, వినేది ఎవరు, ఏ చోట, ఏ వేళ అన్నదాన్ని బట్టి మాటకి లోపలి అర్థం మారిపోతుందని మమ్మటుడు కావ్యప్రకాశంలో వివరించాడు. మాది పరవాడ కాబట్టి నేనొకటి కలిపాను. ఫార్మా సిటీలో రాత్రి షిఫ్టు చేసేవాడికి "లంకెలపాలెం జంక్షన్లో కంపెనీ బస్సు తప్పిపోతుంది, లే" అని అర్థం. సగం మంది ఇళ్లలో ఆ షిఫ్టులే కాబట్టి క్లాసంతా నవ్వింది.

క్లాసయ్యాక ఒకమ్మాయి వెళ్లకుండా ఆగింది. అందరూ పోయేదాకా బ్యాగు సర్దుతూ నిలబడి, ఫోన్ తీసి నా ముందు పెట్టింది.

"మేడమ్, 'చూద్దాంలే' అంటే వ్యంగ్యార్థం ఏటి మేడమ్?"

(ఆమె ఒప్పుకున్నాకే ఇది రాస్తున్నాను. ఆనవాలు పట్టగలిగే వివరాలు మార్చాను.)

అబ్బాయి ఒక కంపెనీ ల్యాబ్‌లో కెమిస్టు. ఎనిమిది నెలల మెసేజ్‌లు. రోజూ రాత్రి "తిన్నావా?" అని ఒకటి. ముత్యాలమ్మపాలెం సముద్రం ఫోటో, కింద "నువ్వూ ఉంటే బాగుండు" అని ఒకటి. ఈ పిల్ల ఒక రోజు ధైర్యం చేసి "మనం అసలు ఏంటి?" అని అడిగింది. "మనం మనమే" అని జవాబు, పక్కన నవ్వు బొమ్మ. ఇంకో నెల ఆగి "మీ ఇంట్లో చెప్పారా?" అని అడిగింది. "చూద్దాంలే. మా ఇంట్లో పరిస్థితి నీకు తెలుసు కదా" అని వచ్చింది. ఆ 'లే' దగ్గర ఈ పిల్ల మూడు వారాలు ఆగిపోయింది. ఇంటర్నల్స్ సరిగ్గా రాయలేదు. స్నేహితురాళ్లలో ఒకరు "ఒప్పుకున్నట్టే" అన్నారు, ఇంకొకరు "వదిలేయమన్నట్టే" అన్నారు.

నేను 'చూద్దాంలే' దగ్గర ఆగలేదు. ఫోన్ తీసుకుని వెనక్కి వెళ్లాను, మొదటి మెసేజ్ దాకా. మూడో వారంలో ఒకే రోజు మూడు ప్రశ్నలు ఉన్నాయి.

"మీ ఇంటిపేరేంటి?"

"మీది పరవాడలో ఎక్కడ? ఊళ్లోనా, కాలనీలోనా?"

"ఆదివారం చర్చికి వెళ్తారా?"

మన పిల్లలకి ఈ మూడు ప్రశ్నలు కొత్త కాదు. "మీరేమిట్లు?" అని మొహం మీద అడగడానికి మొహమాటపడే తరం కనిపెట్టుకున్న ప్రశ్నలు ఇవి. వీటిలో అస్పష్టత ఏమీ లేదు. అడిగేవాడికీ తెలుసు, జవాబిచ్చేవాళ్లకీ తెలుసు. ఈ పిల్ల దాచలేదు, మూడింటికీ ఉన్నదున్నట్టు చెప్పింది.

ఆ రోజుకి ముందు అతను "మా అమ్మకి నువ్వు తెగ నచ్చుతావు" అని రాశాడు. "పండక్కి అనకాపల్లి వెళ్దాం" అని రాశాడు. ఆ రోజు తర్వాత ఎనిమిది నెలల్లో అమ్మ అన్న మాట మళ్లీ కనపడలేదు. 'వెళ్దాం' అన్న క్రియ పోయి 'వెళ్తే బాగుండు' వచ్చింది. 'చేస్తాను' పోయి 'చూద్దాం' వచ్చింది. "తిన్నావా?" మాత్రం ఆగలేదు. ప్రేమ మాటలు తగ్గలేదు, రేపటి గురించిన మాటలు మాత్రం ఆగిపోయాయి.

ఆ పిల్ల ఇన్నాళ్లూ చివరి మెసేజ్‌కి అర్థం వెతికింది. అర్థం మూడో వారంలో ఉంది.

మెసేజ్‌ల అర్థాలు చెప్పే వీడియోలు యూట్యూబ్‌లో బోలెడు. ఎంతసేపటికి జవాబిచ్చాడు, నీలి టిక్కులు పడ్డాక ఎందుకు ఆగాడు, 'హ్మ్' అంటే ఏంటి, చుక్కలు పెడితే ఏంటి. అవతలివాళ్ల మనస్తత్వం, చిన్ననాటి గాయం, భయం అన్నీ చెబుతారు. కులం గురించి మాత్రం ఒక్క ముక్క ఉండదు. చెప్పేవాళ్లూ వినేవాళ్లూ ఎవరో చూడమని మమ్మటుడు అన్నాడు కదా. మన దేశంలో చెప్పేవాళ్లు ఎవరు, వినేవాళ్లు ఎవరు అన్న ప్రశ్నకి మొదటి జవాబు కులమే. అది తీసేసి మెసేజ్ చదివితే సగం వాక్యమే చదివినట్టు.

నా మాట ఇది: ఇద్దరి మధ్య నాన్చుడు నడుస్తున్నప్పుడు అది ఎవరికి సౌకర్యం, ఎవరికి నష్టం అని చూడాలి. పెళ్లి సంబంధం ఇంట్లో సిద్ధంగా ఉన్నవాడు ఎన్నేళ్లయినా 'చూద్దాం' అనగలడు. అతనికి పోయేదేమీ లేదు. ఇంట్లో మొదటిసారి కాలేజీ మెట్లెక్కిన పిల్లకి అలా కాదు. ఆమె పోగొట్టుకునేది సెమిస్టరు, స్కాలర్‌షిప్పు, ఊళ్లో పేరు.

నేను ఇది పుస్తకంలో చదివి చెప్పడం లేదు.

పీహెచ్‌డీ రోజుల్లో నాకూ ఒకతను ఉండేవాడు. ఉండేవాడు అనాలో లేదో కూడా నాకు ఇప్పటికీ తెలియదు, అదే సమస్య. అంబేద్కర్ జయంతి సభకి బ్యానర్ మోసినవాడు. కుల నిర్మూలన మీద నాకంటే బాగా మాట్లాడేవాడు. ఒక రోజు క్యాంటీన్లో అతని ఫోన్ నా పక్కన ఉండగా నేనే అతనికి ఫోన్ చేశాను, ఏదో ఆట కోసం. తెర మీద నా పేరు రాలేదు. 'లైబ్రరీ' అని వచ్చింది. "ఇంట్లో చూస్తే గొడవ కదా" అన్నాడు. నేను నవ్వాను. నవ్వి, రెండేళ్లు లైబ్రరీగానే ఉన్నాను.

ధ్వని మీద అంత చదువుకున్నదాన్ని. రాత్రుళ్లు అతని 'ఊ'కి, 'సరే'కి, 'నీకు అర్థమవుతుందని తెలుసు'కి వ్యాఖ్యానాలు చేసుకున్నాను. నా సిద్ధాంత గ్రంథంలో ఒక అధ్యాయం ఏడాది పాటు అక్కడే ఆగింది. ఫెలోషిప్ గడువు మాత్రం ఆగలేదు. చివరికి అతని నిశ్చితార్థం ఫోటో ఒక స్నేహితురాలి ఫోన్లో చూశాను. ఆ స్టేటస్ నాకు కనపడకుండా పెట్టుకున్నాడు. రెండేళ్లలో అతను నాకు పంపిన ఒకే ఒక్క స్పష్టమైన సందేశం అది, అదీ నాకు పంపకుండా.

అతన్ని తిట్టడానికి ఇది రాయడం లేదు. తప్పు నాదీ ఉంది. సూటిగా అడిగితే వచ్చే జవాబు నాకు ముందే తెలుసు. అందుకే అడగలేదు. వ్యంగ్యార్థం వెతుకుతున్నంతకాలం వాచ్యార్థం వినక్కర్లేదు.

ఇక్కడ రెండో వైపు కూడా చూడాలి. నాన్చుడు అంతా మోసం కాదు, కొంత భయం. ఫోన్ తండ్రి చేతికి వెళ్లే ఇళ్లున్నాయి. అన్న వచ్చి మెసేజ్‌లు చదివే ఇళ్లున్నాయి. పై కులం అమ్మాయి మన అబ్బాయికి "రేపు మాట్లాడదాం" అని మాత్రమే రాసి మిగతాది చెరిపేస్తే అది అతని ప్రాణం కోసం కావచ్చు. 2018 సెప్టెంబర్ 14న మిర్యాలగూడలో, గర్భిణి అయిన భార్యని ఆసుపత్రిలో చూపించుకుని బయటికి వస్తున్న ప్రణయ్‌ని నరికి చంపారు. కిరాయి ఇచ్చి చేయించింది అమ్మాయి తండ్రి అని కేసు. అదే ఏడాది మార్చిలోనే సుప్రీంకోర్టు శక్తివాహిని కేసు తీర్పులో ఇలాంటి జంటలకి రక్షణ ఇవ్వాలని, సురక్షిత గృహాలు ఏర్పాటు చేయాలని ప్రభుత్వాలకి చెప్పింది. తీర్పు వచ్చిన ఆరు నెలలకి ప్రణయ్ పోయాడు. నల్గొండ కోర్టు 2025 మార్చి 10న ఒకరికి ఉరి, ఆరుగురికి యావజ్జీవం వేసింది. ఇది తెలిసిన పిల్లలు భయపడి మాటలు మింగితే నేను తప్పు పట్టను.

మరి భయాన్నీ సౌకర్యాన్నీ వేరు చేయడం ఎలా? భయపడేవాళ్లు దాచేది ఇంటి దగ్గర. మీ దగ్గర దాచరు. ఫోన్లో 'లైబ్రరీ' అని పెట్టుకున్నా, ఎదురుగా కూర్చున్నప్పుడు "నాకు భయంగా ఉంది, ఫలానా నెల దాకా ఆగు, ఫలానా ఉద్యోగం వచ్చాక ఇది చేద్దాం" అని చెబుతారు. సౌకర్యం చూసుకునేవాళ్లు ఇంటి దగ్గరా దాస్తారు, మీ దగ్గరా దాస్తారు. తేడా అంతే.

చట్టం చూసుకుంటుందిలే అనుకునేవాళ్లకి రెండు విషయాలు. 2019 ఆగస్టులో ప్రమోద్ సూర్యభాన్ పవార్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. ఆమె ఎస్సీ. ఏళ్ల తరబడి సంబంధం. పెళ్లి చేసుకుంటానన్న అతను తర్వాత కులం అడ్డు అన్నాడు. వాట్సాప్‌లో కులం మీద అవమానించాడని కూడా ఆమె ఫిర్యాదు. ఇచ్చిన మాట తప్పడం వేరు, మొదటి నుంచీ మోసం చేసే ఉద్దేశంతో మాట ఇవ్వడం వేరు అని కోర్టు అంది. ఇద్దరి మధ్య నడిచిన మెసేజ్ నలుగురి ఎదుట చేసిన అవమానం కిందికి రాదు అంది. కేసు కొట్టేసింది. మీ ఫోన్లోని నాన్చుడు మీకు గాయమే కావచ్చు. కోర్టుకి అది రుజువు కాకపోవచ్చు. 2024 జూలై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ న్యాయ సంహిత 69వ సెక్షన్ మోసపూరిత వాగ్దానంతో లైంగిక సంబంధం పెట్టుకోవడాన్ని నేరం అంది. అక్కడా రుజువు చేయాల్సింది మొదటి నాటి ఉద్దేశమే. 'చూద్దాంలే'లో ఉద్దేశం ఎవరు చూపించగలరు?

రెండోది ప్రత్యేక వివాహ చట్టం, 1954. నిజంగా పెళ్లి చేసుకుందాం అనుకున్నవాళ్లు నోటీసు ఇవ్వాలి. ఆ నోటీసు ఆఫీసులో అందరికీ కనపడేలా అంటించి 30 రోజులు ఆగాలి. పేరు, చిరునామా, అన్నీ తేటతెల్లం. గుట్టు లేకపోతే ప్రాణం పోయే చోట గుట్టు విప్పమంటుంది. గుట్టు విప్పాల్సినవాళ్లని మాత్రం ఏమీ అడగదు.

ఇక మన ఇంటి మాట. ఇది రాస్తే మనవాళ్లకే కోపం వస్తుంది. మాల అబ్బాయి మాదిగ అమ్మాయికి 'చూద్దాంలే' అనడం నేను చూశాను. మాలా మాదిగా కలిసి రెల్లి పిల్లకి 'మా ఇంట్లో పరిస్థితి' చెప్పడం చూశాను. కుల నిర్మూలనకి అసలు మందు కులాంతర వివాహమే అని అంబేద్కర్ 1936లోనే రాశాడు. ఆ పుస్తకం మన స్టేటస్‌లో ఉంటుంది. మన జవాబు మాత్రం అవతలివాడి జవాబే. అబ్బాయిలకి ఇంకో మాట. అమ్మాయి 'హ్మ్' అంటే అవునని కాదు. జవాబు రాకపోతే అది సిగ్గు కాదు. అర్థం కాని మాటని మీకు నచ్చిన అర్థంలోకి లాక్కోవద్దు. తెలియకపోతే ఒకసారి అడగండి, వద్దంటే ఆగిపోండి.

మరి ఏం చేయాలి? జాషువాని చూడండి. కాళిదాసు యక్షుడు మేఘంతో భార్యకి కబురు పంపాడు. జాషువా గబ్బిలంలో దళితుడు కాశీలో ఉన్న శివుడికి కబురు పంపాడు. తనకి గుడిలోకి ప్రవేశం లేదు, గబ్బిలానికి ఉంది. అందుకే గబ్బిలం. ఆ సందేశంలో నాన్చుడు లేదు. నేనెవర్ని, నాకేం జరుగుతోంది, ఎందుకిలా అని దేవుణ్ణే నిలదీసిన సందేశం అది. మనకి దొరికిన సందేశ కావ్యం అది. మనం రాసే మెసేజ్ కూడా అలా ఉండాలి.

ఆ అమ్మాయికి నేను అర్థం చెప్పలేదు. "నీ కులం పేరు పెట్టి, తేదీ అడుగుతూ ఒక్క మెసేజ్ రాయి. ఒక్కసారే. బతిమాలొద్దు, బెదిరించొద్దు. దానికి కూడా మళ్లీ అర్థం వెతుక్కోవాల్సిన జవాబు వస్తే, అదే జవాబు" అన్నాను. అక్కడే బెంచీ మీద కూర్చుని రాసింది. నాకు చూపించింది.

"నేను మాల. మీకు తెలుసు. మీ ఇంట్లో నా గురించి చెప్తారా, చెప్పరా? చెప్తే ఎప్పుడు?"

కొట్టేసి మళ్లీ రాసింది, అదే మాట. పంపింది. రెండు టిక్కులు పడ్డాయి, నీలం అయ్యాయి. 'టైపింగ్' అని వచ్చింది, పోయింది, మళ్లీ వచ్చింది. నాకు గంట కొట్టారు, ఇంకో క్లాసుకి వెళ్లిపోయాను.

రెండు రోజుల తర్వాత స్టాఫ్ రూమ్‌కి వచ్చింది. జవాబు చూపించింది: "ఇప్పుడవన్నీ ఎందుకు? తిన్నావా?"

ఏం మాట్లాడాలో తెలియక నేను ఆమె మొహం చూశాను. అర్థం ఏటని ఆమె నన్ను అడగలేదు. ఫోన్ బ్యాగులో పడేసి, ఇంటర్నల్స్ మళ్లీ రాయడానికి అనుమతి కోరుతూ రాసుకొచ్చిన దరఖాస్తు తీసి, "సంతకం పెట్టండి మేడమ్" అంది.

పెట్టాను.

జై భీమ్.