ఏది చెరిపితే తిరిగి వస్తుంది?

పిల్లలూ! "డిస్కులో చోటు చాలదు" అని కంప్యూటర్ మీకు ఎప్పుడైనా మొరపెట్టుకుందా? ఇంట్లోనో, బడిలోనో, నెట్ సెంటర్‌లోనో దాని ముందు కూర్చునే వారందరికీ ఏదో ఒకనాడు ఈ మాట ఎదురవుతుంది. అప్పుడేం చేస్తారు? ఏదో ఒకటి చెరిపి చోటు చేస్తారు. పెద్దవాళ్ళయితే "ముందు ఆ ఆటలన్నీ తీసిపారెయ్!" అంటారు. పిల్లలయితే ఆటలు తప్ప మిగతావన్నీ తీసేస్తారు. రెండు పక్షాలూ లెక్క చూసుకోకుండానే ఈ పని చేస్తున్నాయని నా అభిప్రాయం. చెరపడానికీ ఒక లెక్క ఉంది. అదేమిటో చూద్దాం.

ముందుగా ఆటలు ఎంత చోటు తింటాయో తెలియాలి గదా! 1985లో జపానుకు చెందిన నింటెండో సంస్థ 'సూపర్ మారియో బ్రదర్స్' అనే ఆటను విడుదల చేసింది. బొమ్మలు, సంగీతం, గోడలు దూకే మారియో, అన్నీ కలిపి ఆ ఆట 40 కిలోబైట్లలో ఇమిడిపోయింది. ఈనాడు సెల్‌ఫోనుతో మీరు తీసే ఒక్క ఫోటో అంతకన్నా ఎన్నో రెట్లు పెద్దది. ఇక 2019లో వచ్చిన 'కాల్ ఆఫ్ డ్యూటీ: మోడర్న్ వార్‌ఫేర్' సంగతి చూడండి. కంప్యూటర్‌లో 175 గిగాబైట్ల చోటు ఖాళీగా ఉంచుకోమని తయారీదారులే చెప్పారు. (అది పెద్దలకోసం చేసిన యుద్ధపు ఆట. మీరు ఆడాలని కాదు, లెక్క కోసం చెబుతున్నాను.) అంత చోటులో మారియో ఆటలు ఎన్ని పడతాయో గుణించి చూడండి. 42 లక్షలు దాటుతాయి!

ఇంత బరువు ఎక్కడిది? ఆట నడిచే పద్ధతిని చెప్పే ప్రోగ్రాము చాలా తక్కువ చోటే తీసుకుంటుంది. బరువంతా బొమ్మలది, ధ్వనులది. తెరమీద కనిపించే గోడకు, గడ్డికి, మనిషి తొడుక్కున్న చొక్కాకు, ప్రతి దానికీ ఒక బొమ్మను కాగితంలా చుట్టి అతికిస్తారు. అలాంటి బొమ్మ ఒకటి అడ్డంగా 4096 చుక్కలు, నిలువుగా 4096 చుక్కలు ఉన్నదనుకోండి. ఒక్కొక్క చుక్క రంగు చెప్పడానికి 4 బైట్లు కావాలి. మూడింటినీ గుణిస్తే 6,71,08,864 బైట్లు, అంటే 64 మెగాబైట్లు. ఇది ఒక్క గోడకే! కుదించి దాస్తారు కనుక అసలు పరిమాణం ఇంతకంటే తక్కువే ఉంటుంది గాని, అలాంటి బొమ్మలు ఆటలో వేలకొద్దీ ఉంటాయి. చుక్కలను రెండు వైపులా సగానికి తగ్గిస్తే చోటు సగం అవుతుందా? కాదు, నాలుగో వంతు అవుతుంది. లెక్కల మాస్టారు చెప్పిన చతురస్ర వైశాల్యం పాఠమే ఇది.

కొన్ని ఆటలు లావెక్కిన కారణం వింటే నవ్వు వస్తుంది. 2014లో 'టైటాన్‌ఫాల్' అనే ఆట కంప్యూటర్‌లో 48 గిగాబైట్లు ఆక్రమించింది. అందులో 35 గిగాబైట్లు కేవలం ధ్వని. పాత కంప్యూటర్లకు కుదించిన ధ్వనిని విప్పుకునే శ్రమ ఎందుకని, దాన్ని కుదించకుండానే పెట్టారు. 2024లో వచ్చిన 'హెల్‌డైవర్స్ 2' కథ ఇంకా వింతైనది. పాతకాలపు హార్డ్ డిస్కు గ్రామఫోను రికార్డులా గిరగిర తిరుగుతుంది. సమాచారం చదివే ముల్లు ఒకచోటి నుంచి మరోచోటికి జరగడానికి కొంత సమయం పడుతుంది. ఆ జరిగే శ్రమ తగ్గించాలని ఒకే బొమ్మను డిస్కులో చాలాచోట్ల మళ్ళీ మళ్ళీ రాసి పెట్టారు. అలా ఆ ఆట 154 గిగాబైట్లయింది. 2025 డిసెంబరులో తయారీదారులు ఆ నకళ్ళన్నీ తీసివేస్తే 23 గిగాబైట్లకు దిగింది! ఆట మాత్రం అదే. మిగతా 131 గిగాబైట్లు అన్నాళ్ళూ ఎవరి డిస్కులో ఉన్నాయి? ఆడేవాళ్ళ డిస్కులో. డిస్కు కొన్నదీ వాళ్ళే. తయారీదారులకు ఈ చోటు ఉచితంగా దొరుకుతోంది కాబట్టి పొదుపు చెయ్యాలన్న ఆలోచన వారికి ఆలస్యంగా వస్తోందని నేను అనుకుంటాను.

ఇప్పుడు త్రాసులో రెండో పళ్ళెం చూద్దాం. మీరు స్వయంగా తయారుచేసినవి ఎంత చోటు తీసుకుంటాయి? కంప్యూటర్లు సాధారణంగా వాడే యూనికోడ్ పద్ధతిలో 'అ' అని రాస్తే 3 బైట్లు. 'క్ష' మనకు ఒక్క అక్షరమే గాని, కంప్యూటర్‌కు అది క, పొల్లు, ష అనే మూడు గుర్తులు. అంటే 9 బైట్లు. ఒక పుటలో ఇలాంటి గుర్తులు 1500 ఉన్నాయనుకుంటే 4500 బైట్లు అవుతుంది. 100 గిగాబైట్ల ఆట ఉన్న చోటులో అటువంటి పుటలు రెండు కోట్లకు పైగా పడతాయి. మీరు ఒకటో తరగతి నుంచి పదో తరగతి దాకా రాసినదంతా చెరిపివేసినా ఆ ఆటకు కావలసిన చోటులో ఒక మూలకైనా రాదన్నమాట.

అయినా చెరిపేది వాటినే! నేను పనిచేసిన ఒక బడిలో పిల్లలు సీసా కోసి వర్షమాపకం తయారుచేసుకుని, మూడు వానాకాలాలపాటు రోజూ ఉదయం 8.30 గంటలకు ఎన్ని మిల్లీమీటర్ల వాన పడిందో కొలిచి రాశారు. ఆదివారాలు కూడా బడి దగ్గర ఇల్లున్న పిల్లలు వచ్చి చూసేవారు. ఆ అంకెలన్నీ బడి కంప్యూటర్‌లో ఒక ఫైలులో ఉండేవి. దాని పరిమాణం 30 కిలోబైట్లు. ఒకనాడు ఎవరో పెద్ద తరగతి పిల్లలు క్రికెట్ ఆట ఒకటి ఎక్కించడానికి 8 గిగాబైట్ల చోటు వెతుకుతూ, "ఇది పాతది, ఎవరూ తెరవడం లేదు" అని ఆ ఫైలును చెరిపారు. రీసైకిల్ బిన్‌ను కూడా ఖాళీ చేశారు. వారికి దొరికిన చోటు ఎంత? కావలసిన దానిలో రెండున్నర లక్షల వంతుకూడా కాదు. ఒక అమ్మాయి నోటు పుస్తకంలో చివరి ఏడాది అంకెలు ఉన్నందువల్ల అవి దక్కాయి. మొదటి రెండేళ్ళ వాన మళ్ళీ కురవదు గదా!

ఇది పిల్లలు మాత్రమే చేసే పని అనుకోకండి. 1969 జులైలో అపోలో-11 యాత్రికులు చంద్రుని మీద నడిచిన దృశ్యాలు అక్కడి నుంచి ఒక ప్రత్యేకమైన పద్ధతిలో భూమికి వచ్చాయి. మామూలు టెలివిజన్లకు సరిపోయేలా మార్చి ప్రసారం చేసినప్పుడు వాటి స్పష్టత తగ్గింది. మార్చక ముందటి అసలు సంకేతాలను టేపుల మీద విడిగా నమోదు చేశారు. తర్వాత చాలా ఏళ్ళకు ఆ టేపుల కోసం నాసా వెతికింది. ఇతర అవసరాలకు టేపుల కొరత వచ్చిన కాలంలో వాటిని చెరిపి మళ్ళీ వాడుకుని ఉంటారని 2009లో తేల్చింది. ఇప్పుడు మనం చూసేవి టెలివిజన్ సంస్థల దగ్గర మిగిలిన నకళ్ళను శుభ్రం చేసి తయారుచేసినవి. కొత్త టేపులు ఎన్నయినా కొనవచ్చు. మనిషి చంద్రుని మీద వేసిన మొదటి అడుగును మళ్ళీ చిత్రించలేం.

కనుక చోటు కావలసి వచ్చినప్పుడు "ఇది ఎంత పెద్దది? ఎంత పాతది?" అని మాత్రమే అడగడం చాలదు. "ఇది ఇంకెక్కడ ఉంది?" అని ముందు అడగాలి. మీరు ఎక్కించుకున్న ఆటకు లక్షల నకళ్ళు ఉన్నాయి. తయారుచేసిన వారి దగ్గర అసలు ఉంది. అది గ్రంథాలయం నుంచి తెచ్చుకున్న పుస్తకంలాంటిది. తిరిగి ఇచ్చేయవచ్చు, కావాలంటే మళ్ళీ తెచ్చుకోవచ్చు. అందుచేత చోటు కోసం మొదట బయటికి వెళ్ళవలసింది ఆటే. ఇక్కడ నేను పెద్దల పక్షమే.

కాని పెద్దలు "ఆటే కదా, ఏం పోయింది?" అంటే మాత్రం ఒప్పుకోను. మైన్‌క్రాఫ్ట్ ఆటలో ఆరు నెలలు కష్టపడి ఒక అబ్బాయి కోట కట్టుకున్నాడనుకోండి. ఆట తయారీదారుది, కోట మాత్రం ఆ అబ్బాయిది. అది వాడి కంప్యూటర్‌లో కొన్ని ఫైళ్ళ రూపంలో ఉంటుంది. ప్రపంచంలో ఇంకెక్కడా ఉండకపోవచ్చు. ఇలా దాచుకున్న ఆటస్థితిని కొన్ని ఆటలు అంతర్జాలంలో కూడా భద్రపరుస్తాయి. కొన్ని ఆటలను తీసేసినా అది డిస్కులో మిగిలి ఉంటుంది. కొన్నింటిలో ఆటతోపాటు అదీ పోతుంది. ఏది ఏ రకమో ముందే తెలుసుకుని, ఆ చిన్న ఫోల్డరును వేరే చోటికి నకలు తీసుకోవాలి. వాన లెక్క రాసిన అమ్మాయి శ్రమకు ఇచ్చే గౌరవమే ఈ అబ్బాయి శ్రమకూ ఇవ్వమంటాను.

ఇంకొక మాట. "తీసేయండి, కావాలంటే మళ్ళీ దించుకోవచ్చు" అనే సలహా చెప్పేవాళ్ళ ఇళ్ళలో వేగంగా పనిచేసే ఫైబర్ తీగ ఉండి ఉంటుంది. రోజుకు 1.5 గిగాబైట్ల మొబైల్ డేటాతో నెట్టుకొచ్చే ఇంటిని తలచుకోండి. 150 గిగాబైట్ల ఆట మళ్ళీ దించుకోవాలంటే, ఆ డేటాను ఇంకెవ్వరూ ముట్టకుండా ఉంటే 100 రోజులు పడుతుంది. దసరా సెలవుల్లో తీసేసిన ఆట సంక్రాంతి దగ్గరపడ్డాక గాని రాదు! అటువంటి ఇంట్లో ఆటను తీసేసే ముందు దాన్ని బయటి హార్డ్ డిస్కులోకి మార్చుకోవడం మేలు. స్టీమ్ వంటి ఆటల దుకాణాలు ఇందుకు వీలు కల్పిస్తున్నాయి. పైగా దుకాణంలోని ఆట ఎప్పటికీ అక్కడే ఉంటుందన్న హామీ కూడా లేదు. 2014 ఫిబ్రవరిలో వియత్నాం యువకుడొకరు తాను తయారుచేసిన 'ఫ్లాపీ బర్డ్' అనే ఫోను ఆటను దుకాణాల నుంచి ఉపసంహరించుకున్నాడు. అప్పటికే ఫోనులో ఉన్నవారికి అది ఉండిపోయింది. కొత్తగా దుకాణంలో వెతికిన వారికి మాత్రం అది దొరకలేదు.

ఫోటోలు, వీడియోలు మరో చిక్కు. అవి పెద్దవి, పైగా మీ ఇంట్లో తప్ప మరెక్కడా ఉండవు. పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించి కంప్యూటర్‌లోనివి చెరిపేస్తే భద్రం అనుకుంటారు. అప్పుడు కూడా ఉన్నది ఒక్కటే నకలని గుర్తుంచుకోండి. అది కాస్తా జేబులోంచి జారిపోతే?

ఇక తీసివేసే పద్ధతి. తెరమీద ఉన్న ఆట గుర్తును చెరిపేసి "తీసేశాను" అనుకునేవారు చాలామంది ఉన్నారు. ఆ గుర్తు ఇంటి బయట వేలాడే పేరు పలక మాత్రమే. పలక పీకేస్తే ఇల్లు ఖాళీ అవుతుందా? విండోస్ ఉన్న కంప్యూటర్‌లో సెట్టింగ్స్ తెరిచి, యాప్స్ అన్న విభాగంలో ఆట పేరు వెతికి, 'అన్‌ఇన్‌స్టాల్' అన్నది నొక్కాలి. అప్పుడు కూడా పాత హార్డ్ డిస్కులో జరిగేదేమిటంటే, పుస్తకంలో విషయసూచిక నుంచి అధ్యాయం పేరు కొట్టివేయడమే. పుటలు అలాగే ఉంటాయి. వాటిమీద వేరేది రాసేదాకా నిపుణులు తిరిగి రాబట్టవచ్చు. ఈమధ్య వస్తున్న ఎస్.ఎస్.డి. అనే డిస్కుల్లో తిరిగే పళ్ళెం ఉండదు. ఏ చోట్లు అక్కర్లేదో కంప్యూటర్ చెప్పగానే ఆ డిస్కు వాటిని తనంతట తానే శుభ్రం చేసుకుంటుంది. అందువల్ల అందులోంచి పోయినవి తిరిగి దొరకడం చాలా కష్టం. మా బడి వాన లెక్క ఉన్నది అలాంటి డిస్కులోనే.

సెలవు రోజున మీరు ఒక చిన్న ప్రయోగం చెయ్యండి. ఇంట్లోనో బడిలోనో పెద్దల అనుమతితో డిస్కు మొత్తం పరిమాణం, ఖాళీ చోటు ఎంతో కాగితం మీద రాసుకోండి. 512 గిగాబైట్లని పెట్టెమీద రాసిన డిస్కును విండోస్ 476 అని చూపిస్తే కంగారు పడకండి. దుకాణదారు మోసం చెయ్యలేదు. పెట్టెమీద గిగా అంటే వంద కోట్లు. విండోస్ మాత్రం 1024ను మూడుసార్లు గుణించి వచ్చిన సంఖ్యతో లెక్క కడుతుంది. తర్వాత ఎవరూ ఆడని ఒక ఆటను, దాచుకున్న స్థితికి నకలు తీసుకుని, తీసివేయండి. ఇప్పుడు ఖాళీ చోటు మళ్ళీ రాసుకోండి. పెరిగిన చోటు, జాబితాలో ఆట పేరు పక్కన చూపిన పరిమాణం కన్నా తక్కువగా ఉంటే ఆ ఆట వదిలి వెళ్ళిన సామాను ఎక్కడో ఉందన్నమాట. డాక్యుమెంట్స్ ఫోల్డరు నుంచి వెతకడం మొదలుపెట్టండి.