ఉచిత పడకలు చట్టంలో ఉన్నాయి, వలస కూలీకి అందేదెలా?

పాలమూరు నుంచి ముంబైకి వలస వెళ్లిన కూలీ పని చోట పడి నడుము విరగ్గొట్టుకుంటే ఆరోగ్యశ్రీ అందడం కష్టం. ఆ పథకం నెట్‌వర్క్ ఆసుపత్రులు ప్రధానంగా సొంత రాష్ట్రంలోనే ఉన్నాయి. ఆ కూలీల్లో చాలామంది దళితులు. భూమి లేకపోవడమే వాళ్లను ఊరు దాటించింది. మరి వాళ్లకు వేరే దారి లేదా?

ఉంది. మహారాష్ట్రలో ట్రస్టుల పేరుతో నడిచే ఆసుపత్రులు 10 శాతం పడకల్లో నిరుపేదలకు ఉచితంగా, మరో 10 శాతం పడకల్లో బలహీన వర్గాలకు రాయితీపై వైద్యం చేయాలి. 2006లో బాంబే హైకోర్టు ఆమోదించిన పథకం ఇది. ఇందుకోసం బిల్లుల మొత్తంలో 2 శాతం వేరే నిధిగా పక్కన పెట్టాలి. ముంబై, పుణెల్లోని చాలా పెద్ద ప్రైవేటు ఆసుపత్రులు దీని కిందికే వస్తాయి. ఢిల్లీలో రాయితీ ధరకు ప్రభుత్వ భూమి పొందిన ఆసుపత్రులు ఇన్‌పేషెంట్లలో 10 శాతం, ఓపీలో 25 శాతం పేదలకు ఉచితంగా చూడాల్సిందేనని 2018లో సుప్రీంకోర్టు తేల్చింది. అంటే ఇది దానం కాదు. పన్ను మినహాయింపులకూ, చౌకగా దక్కిన భూమికీ ప్రజలకు చెల్లించాల్సిన బాకీ.

అయినా పేదవాడు గేటు దగ్గరే ఆగిపోతాడు. కౌంటర్‌లో అడిగేది రేషన్ కార్డు, లేదంటే తహసీల్దార్ ఇచ్చిన ఆదాయ ధ్రువపత్రం. కూలీ కార్డు ఊళ్లో ఉంటుంది, తహసీల్దార్ కూడా అక్కడే. పేదరికాన్ని రుజువు చేసుకునే కాగితమే పేదవాడి దగ్గర లేకుండా పోతుంది. ఎన్ని ఉచిత పడకలు ఖాళీగా ఉన్నాయో రోగికి చెప్పేవాళ్లూ ఉండరు.

ప్రాణాపాయంలో మాత్రం కాగితం అడగడానికి వీల్లేదు. 1992లో రైలు నుంచి పడిన హకీం షేక్ అనే వ్యవసాయ కూలీని బెంగాల్‌లో ప్రభుత్వ ఆసుపత్రులు ఒకదాని తర్వాత ఒకటి తిప్పి పంపాయి. అత్యవసర వైద్యం అందించకపోవడం జీవించే హక్కును ఉల్లంఘించడమేనని, నిధులు లేవన్న సాకు చెల్లదని 1996లో సుప్రీంకోర్టు చెప్పింది. మహారాష్ట్ర పథకం ప్రకారం కూడా ట్రస్టు ఆసుపత్రి డిపాజిట్ అడగకుండా వెంటనే చేర్చుకోవాలి.

కాబట్టి రోగి వెంట వెళ్లే కార్యకర్తలు ముందు మెడికల్ సోషల్ వర్కర్‌ను కలవాలి. ఉచిత పడక కోసం రాతపూర్వకంగా అడగాలి. నిరాకరిస్తే కారణం కూడా రాసివ్వమనాలి. ఆ కాగితంతో మహారాష్ట్రలో ఛారిటీ కమిషనర్‌కు ఫిర్యాదు చేయవచ్చు.

విద్యార్థులకు ఇంకో పని ఉంది. హైదరాబాద్‌లో, విశాఖలో ఏ ఆసుపత్రికి ప్రభుత్వం భూమి ఇచ్చింది? ఏ షరతులతో ఇచ్చింది? సమాచార హక్కు చట్టం కింద అడగండి. షరతు ఏమిటో తెలిస్తేనే దాన్ని అమలు చేయమని నిలదీయగలం.