పిలిస్తే పలకలేదని కొట్టేస్తారా?

కోర్టు బంట్రోతు గుమ్మంలో నిలబడి పేరు పిలుస్తాడు. పలికేవాళ్లు లేరు. ప్రతివాది వకీలు మాత్రం లోపల సిద్ధంగా ఉన్నాడు. వాది గైరుహాజరు, దావా కొట్టివేయడమైనది. ఒక్క ముక్కతో అయిపోయింది! భూమి ఎవరిదో తేల్చలేదు. పట్టా చూడలేదు, సాక్షిని అడగలేదు. ఊళ్లో ఆసామి మాత్రం 'కోర్టే నాకిచ్చింది' అని మీసం దువ్వుతాడు.

దీన్నే డిఫాల్టు కింద కొట్టేయడం అంటారు. 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్, తొమ్మిదో ఆర్డరులో ఉంది. ప్రతివాది వచ్చి వాది రాకపోతే దావా పోతుంది. అదే వివాదం మీద మళ్లీ కొత్త దావా వేయనివ్వరు. దావాతో పాటే ఇంజంక్షనూ పోతుంది. ఇంక పొలంలోకి ట్రాక్టరు దిగడానికి అడ్డేముంది?

నడపని కేసుల్ని కోర్టు ఎన్నాళ్లు మోస్తుంది అని అడిగేవాళ్లున్నారు. నిజమే, వాదే రాకపోతే ప్రతివాదిని ఏళ్ల తరబడి తిప్పడం న్యాయం కాదు. అందులో మాకు పేచీ లేదు. మేం అడిగేది ఒకటే. రానివాళ్లంతా ఒకటేనా? ఆసామికి వాయిదా అంటే వకీలుకో కబురు. మనకు వాయిదా అంటే ఆ రోజు కూలి పోవడం, బస్సు చార్జీ, గుమస్తా ఖర్చు. పొద్దంతా కోర్టు మెట్ల మీద కూచుంటే సాయంత్రం చేతికొచ్చేది ఇంకో తేదీ. పది వాయిదాలు తిరిగిన తల్లి పదకొండోదానికి నాట్లకు పోతే, కాగితం మీద ఆమె కేసు పట్టించుకోని మనిషి! ఆసామి గెలవక్కర్లేదు, మనం అలిసిపోయేదాకా లాగితే చాలు.

ఈ తేడా సుప్రీంకోర్టుకు తెలుసు. వకీలు రాని తప్పుకు ఏ పాపం ఎరగని పల్లెటూరి కక్షిదారు నష్టపోరాదని 1981లో ఒక అప్పీలును తిరిగి నిలబెట్టింది. కోర్టున్న నగరంలోనే ఆఫీసున్న ఒక కంపెనీ అదే సాకు చెబితే 1993లో ఒప్పుకోలేదు. అంటే రానిది ఎవరు, ఎందుకు రాలేదు అని చూడాల్సిందే. కింది కోర్టుల్లో మన అర్జీలనూ ఆ కళ్లతోనే చూడమంటున్నాం.

మిత్రులారా, చట్టంలో ఒక తలుపుంది. తగిన కారణం చూపితే కొట్టేసిన దావాను తిరిగి తెరిపించుకోవచ్చు. గడువు 30 రోజులే. అదీ మనకు తెలిసిన రోజు నుంచి కాదు, కొట్టేసిన రోజు నుంచి. గడువు దాటితే లిమిటేషన్ చట్టం 5వ సెక్షన్ కింద ఆలస్యం మన్నించమని ఇంకో అర్జీ పెట్టాలి. ఆస్పత్రి చీటీ అయినా, ఏ రుజువైనా దాచిపెట్టుకోండి. 1987 నాటి లీగల్ సర్వీసెస్ చట్టం ప్రకారం ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా వకీలును పెట్టాలి. జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు పోయి అడగండి. అది దానం కాదు, హక్కు. కేసుకిచ్చే సీఎన్ఆర్ నంబరు తెలిస్తే వాయిదా తేదీ ఫోన్లోనే కనిపిస్తుంది. వకీలు గుమస్తాను బతిమాలక్కర్లేదు.

ఇక సంఘం పని సంఘం చెయ్యాలి. ప్రతి వాడలో ఒక నోటు పుస్తకం పెడదాం. ఎవరి కేసు, ఏ కోర్టు, ఏ తేదీ, అన్నీ రాద్దాం. వాయిదా రోజు కక్షిదారుతో ఒకరు తోడు పోవాలి, పోయిన కూలి సంఘమే ఇవ్వాలి. సభలకు లారీలు కట్టుకొని పోయే మనం కోర్టుకు ఒక్క మనిషిని పంపలేమా?

మహద్ చెరువు నీళ్ల మీద 1927లో అగ్రకులాలవాళ్లు సివిల్ దావా వేశారు. అందులో బాబాసాహెబ్ ప్రతివాది. 1937లో బొంబాయి హైకోర్టులో గెలిచేదాకా ఆ కేసు వదల్లేదు. గుక్కెడు నీళ్ల కోసం పదేళ్లు! మన ఎకరం కోసం మనం వాయిదా తప్పుతామా?

బంట్రోతు పిలిచినప్పుడు ఒక్క గొంతు కాదు, వాడంతా పలకాలి.